ఆపిన బంతులకు లెక్కేది?

తలకు వేసిన కుట్లు ఇంకా పచ్చిగానే ఉన్నాయి. ఎవరినడిగినా మంచం దిగొద్దనే చెబుతారు. కోచ్ సయ్యద్ అబ్దుల్ రహీం మాత్రం సెమీఫైనల్ జట్టులో జర్నైల్ సింగ్ పేరు ఎక్కడ పెట్టాలా అన్న లెక్కలో ఉన్నారు. పెట్టాలా వద్దా అని కాదు, ఎక్కడ అని.

1962 ఆగస్టు నెలాఖరు. జకార్తాలో నాలుగో ఆసియా క్రీడలు. తొలి మ్యాచ్‌లోనే దక్షిణ కొరియా చేతిలో 0-2తో దెబ్బతిన్న భారత ఫుట్‌బాల్ జట్టు, ఆ తర్వాత థాయ్‌లాండ్‌ను 4-1తో ఓడించి ఊపిరి పీల్చుకుంది. థాయ్‌లాండ్‌తో ఆడుతుండగానే జర్నైల్ తల పగిలింది. జపాన్‌తో మ్యాచ్‌కు అతను బయటే ఉండిపోయాడు. వెనక వరుస మధ్యలో అతను నిలబడే చోటును అరుణ్ ఘోష్ చూసుకున్నాడు. 2-0తో ఆ గండమూ గట్టెక్కింది. ఇక ముందున్నది దక్షిణ వియత్నాం.

రహీం సాబ్ హైదరాబాదీ. కాచిగూడ, చాదర్‌ఘాట్ బడుల్లో పాఠాలు చెప్పిన పంతులు. హైదరాబాద్ సిటీ పోలీస్ జట్టుకు 1950 నుంచి 1954 దాకా వరసగా ఐదేళ్లు రోవర్స్ కప్పు తెచ్చిపెట్టిన మనిషి. 1951లో ఢిల్లీలో ఆసియా స్వర్ణం, 1956 మెల్‌బోర్న్ ఒలింపిక్స్‌లో నాలుగో స్థానం ఆయన చేతి చలవే. అందుకే ఆయన ఏం చెప్పినా ఆటగాళ్లు ఎదురు మాట్లాడేవారు కాదు. ఈసారి ఆయన చెప్పింది విన్నాక మాత్రం ఒకరి మొహం ఒకరు చూసుకునే ఉంటారు. అరుణ్ ఘోష్ వెనకే ఉంటాడు. జర్నైల్ ముందుకు వెళ్తాడు, సెంటర్ ఫార్వర్డ్‌గా.

గోల్స్ ఆపడమే బతుకుగా పెట్టుకున్నవాణ్ని, అదీ తలకు కట్టుతో, గోలు కొట్టుకురమ్మని పంపడం! దీన్ని వీరగాథగా చెప్పుకోవడమే అందరికీ ఇష్టం. నాకు మాత్రం ఇందులో రహీం సాబ్ లెక్కే ఎక్కువ కనిపిస్తుంది. స్టాపర్‌గా, అంటే వెనక వరుస నడిమధ్యన, నిలబడ్డవాడు ఎదుటి జట్టు వేసిన ప్రతి ఎత్తు బంతికీ తల ఇవ్వాల్సిందే. అక్కడ తప్పించుకున్నాడా, వెనక ఇక గోల్‌కీపరే. అదే ముందు వరుసలో అయితే ఏ బంతికి ఎగరాలో, ఏ బంతిని వదిలెయ్యాలో అతని చేతిలోనే ఉంటుంది. పైగా కాలేజీ రోజుల్లో జర్నైల్ ముందు వరుసలో ఆడినవాడే అంటారు. జపాన్‌ను ఆపిన వెనక వరుసను కదపనక్కర్లేదు, ఎదుటి డిఫెండర్ల గుండెల్లో రాయీ వేయొచ్చు.

సెమీఫైనల్లో భారత్ 3-2తో గెలిచింది. కెప్టెన్ చునీ గోస్వామి రెండు గోల్స్ కొట్టాడు. మూడోది జర్నైల్‌ది.

* * *

ఈ మనిషి ఎక్కడివాడు?

జర్నైల్ సింగ్ ధిల్లాన్ పుట్టింది 1936లో, ఇప్పటి పాకిస్తాన్‌లో ఉన్న లాయల్‌పూర్ ప్రాంతంలో. ఆ ఊరినే ఇప్పుడు ఫైసలాబాద్ అంటున్నారు. కాలువల నీళ్లతో పచ్చబడిన నేల అది. 1947లో దేశం రెండు ముక్కలైనప్పుడు జర్నైల్‌కు పదకొండేళ్లు. పొలం, ఇల్లు, గొడ్డూ గోదా అక్కడే వదిలి ఆ కుటుంబమూ ఇవతలికి వచ్చింది. హోషియార్‌పూర్ జిల్లా గఢ్‌శంకర్ దగ్గర పనాం అనే పల్లెలో మళ్లీ మొదట్నుంచీ బతుకు మొదలుపెట్టింది. ఆ ప్రయాణంలో పంజాబీ పిల్లలు ఏమేం చూశారో ఆ తరంవాళ్లలో చాలామంది నోరు విప్పి పూర్తిగా చెప్పలేదు. దాన్ని ఇక్కడ కల్పించి రాయడం నాకు ఇష్టం లేదు.

పనాంకు కాస్త దూరంలో మాహిల్‌పూర్. పంజాబ్‌లో హాకీ పేరు చెబితే జలంధర్ దగ్గరి సంసార్‌పూర్ ఎలా గుర్తొస్తుందో, ఫుట్‌బాల్ అంటే మాహిల్‌పూర్ అలా గుర్తొస్తుంది. అక్కడి ఖాల్సా కాలేజీలో చేరిన జర్నైల్‌కు పుస్తకాల కంటే మైదానమే ఎక్కువ వంటబట్టింది. ఎత్తూ బరువూ ఉన్న ఒళ్లు, వెనకడుగు ఎరగని స్వభావం. కొప్పు మీద గుడ్డ బిగించి కట్టుకుని బరిలోకి దిగేవాడు. ఆ తలతోనే బంతిని సగం మైదానం దాటించేవాడు.

ఆ రోజుల్లో ఫుట్‌బాల్ ఆడి పేరు తెచ్చుకోవాలంటే దేశంలో ఎక్కడివాడైనా కలకత్తా రైలెక్కాల్సిందే. సికింద్రాబాద్ అమ్ముగూడలో పుట్టిన తులసీదాస్ బలరామ్ ఎక్కింది ఆ రైలే. జర్నైల్ 1958లో వెళ్లి రాజస్థాన్ క్లబ్బులో చేరాడు. ఏడాది తిరిగేసరికి మోహన్ బగాన్ పిలిచింది. 1959 నుంచి 1968 దాకా అతను మరో క్లబ్బు చొక్కా తొడగలేదు.

కలకత్తాలో ఫుట్‌బాల్ ఏ స్థాయిలో ఉంటుందో మన క్రికెట్ పిచ్చిని బట్టి ఊహించుకోవచ్చుగానీ, పూర్తిగా కాదు. మోహన్ బగాన్ గెలిచిన రోజు ఆ అభిమానుల ఇళ్లలో రొయ్యల కూర, ప్రత్యర్థి ఈస్ట్ బెంగాల్ గెలిచిన రోజు దాని అభిమానుల ఇళ్లలో పులస జాతి ఇలిష చేప. పంటికింద ఏ చేప పడుతుందో కూడా ఆటే తేల్చే ఊళ్లో, బెంగాలీ ముక్క రాని ఒక సర్దార్జీ మోహన్ బగాన్ వెనక వరుసకు పెద్దదిక్కయ్యాడు. అతను ఉన్న కాలంలో ఆ క్లబ్బు 1962 నుంచి 1965 దాకా వరసగా నాలుగేళ్లు కలకత్తా లీగ్ గెలిచింది. 1963, 64, 65ల్లో వరసగా మూడుసార్లు డ్యూరాండ్ కప్పు ఎత్తింది.

ఆ గెలుపుల కథ చెప్పేటప్పుడు అందరి నోటా వచ్చేది చునీ గోస్వామి పేరే. తప్పేమీ లేదు, చునీ అంత అందంగా ఆడేవాడు. కానీ లీగ్ గెలవాలంటే గోల్స్ కొట్టడం సగమే. ఇవ్వకుండా ఉండటం మిగతా సగం.

స్టాపర్ పనేమిటో ఒక్కసారి దగ్గరగా చూద్దాం. రెక్క మీదుగా ఎదుటివాడు దూసుకొస్తున్నాడు. బంతి పెనాల్టీ గీత దాకా వచ్చింది. ఈలోపు స్టాపర్ మూడు సంగతులు చూసుకోవాలి. బంతి ఎక్కడుంది, దాన్ని అందుకోబోయేవాడు ఎక్కడున్నాడు, తన వెనక ఖాళీ ఎంత. ముందే కాలు చాపితే ఎదుటివాడు పక్కకు తప్పుకుని వెళ్లిపోతాడు. ఆలస్యంగా చాపితే ఫౌలు, పెనాల్టీ. జర్నైల్ పేరుపడింది ఆ మధ్యలో ఉన్న సన్నటి క్షణంలో కాలు పెట్టడానికే. నేల మీద జారుతూ వచ్చి బంతిని ఊడ్చుకుపోయే అతని ట్యాకిల్ గురించి ఆనాటివాళ్లు కథలుగా చెప్పేవారు. మొరటు ఆట అన్నవాళ్లూ ఉన్నారు. మెత్తగా ఆడాడని మాత్రం ఎవరూ అనలేదు.

అయినా ఇదంతా మర్నాటి పేపర్లో ఒక్క ముక్కగా కూడా రాదు. గోలు కొట్టినవాడి పేరు, నిమిషంతో సహా అచ్చవుతుంది. పడాల్సిన గోలును పడనివ్వనివాడి పేరుకు గడి ఎక్కడ? చెరువు కట్ట నిలిచి ఉన్నంత కాలం ఊళ్లో ఎవరూ దాని ఊసెత్తరు, గండి పడిన నాడే అందరి కళ్లూ దాని మీద. డిఫెండర్ బతుకూ అంతే.

* * *

1960 రోమ్ ఒలింపిక్స్. భారత్‌ను వేసిన గ్రూపులో హంగేరీ, ఫ్రాన్స్, పెరూ. హంగేరీ అంటే ఆ రోజుల్లో మామూలు పేరు కాదు. ఆ జట్టు ముందు వరుసలో ఫ్లోరియన్ ఆల్బర్ట్ ఉన్నాడు, తర్వాత ఐరోపా మేటి ఆటగాడిగా బహుమతి అందుకున్నవాడు. మనవాళ్లు చిత్తుగా ఓడతారనే అంతా అనుకున్నారు. హంగేరీ గెలిచింది, కానీ 2-1తో. మన గోలు బలరామ్‌ది. తర్వాత ఫ్రాన్స్‌తో 1-1 డ్రా, పెరూతో 1-3 ఓటమి. జట్టు ముందుకు వెళ్లలేదు.

పతకం రాలేదు కాబట్టి రోమ్‌ను మనం మర్చిపోయాం. నన్నడిగితే జర్నైల్ ఆటను చూడాలంటే జకార్తా కంటే హంగేరీతో ఆ తొంభై నిమిషాలే చూడాలంటాను. అక్కడ కట్టు లేదు, రక్తం లేదు, కథ లేదు. ఐరోపా దిగ్గజాలు ఒకరి తర్వాత ఒకరు వస్తుంటే స్టాపర్ చోటులో నిలబడి తన పని తను చేసుకుపోవడం మాత్రమే ఉంది.

* * *

మళ్లీ జకార్తా. ఫైనల్ సెప్టెంబరు 4న. ఎదురుగా మళ్లీ దక్షిణ కొరియా.

ఈలోపు మైదానం బయట మంట రాజుకుంది. ఇజ్రాయెల్, తైవాన్ జట్లను ఇండోనేషియా ఆ క్రీడలకు రానివ్వలేదు. అలాంటప్పుడు వీటిని ఆసియా క్రీడలని పిలవకూడదని గురుదత్ సోంధీ అభ్యంతరం లేవదీశారు. ఆయన భారతీయుడు, ఆసియా క్రీడలకు ప్రాణం పోసినవాళ్లలో ఒకరు. న్యాయంగా చూస్తే ఆయన అన్నదాంట్లో తప్పు పట్టడానికి లేదు. కానీ ఇండోనేషియా ప్రజలకు అది తమ దేశానికి జరిగిన అవమానంగా తోచింది. ఫైనల్‌కు ముందురోజు జకార్తాలోని భారత రాయబార కార్యాలయం మీదికి జనం ఎగబడ్డారు.

ఆ కోపమంతా ఆటగాళ్ల మీదికి మళ్లింది. బస్సులో స్టేడియానికి వెళ్లాలన్నా భయమే. జట్టులో ఇద్దరు సిక్కులు, జర్నైల్, త్రిలోక్ సింగ్. భారతీయులని దూరం నుంచే గుర్తుపట్టేస్తారని ఆ ఇద్దరినీ బస్సులో సీట్ల మధ్య కింద కూర్చోమనేవారట. ఆనాటి సహచరులు తర్వాత చెప్పుకున్న మాట ఇది. మైదానంలో ఎవరికీ తల వంచని మనిషి బస్సులో తల దాచుకుని వెళ్లాల్సి వచ్చిందన్నమాట.

ఫైనల్‌కు ముందు రాత్రి ఆటగాళ్లకు నిద్ర పట్టలేదు. కొందరు లేచి బయట తిరుగుతుంటే రహీం సాబ్ ఎదురుపడ్డారు. కోప్పడలేదు. నాకొక కానుక కావాలి, రేపు బంగారు పతకం గెలిచి ఇవ్వండి అని అడిగారు. ప్రదీప్ కుమార్ బెనర్జీ ముసలితనంలోనూ ఆ సంగతి తలచుకుని కళ్లు తుడుచుకునేవారు. రహీం సాబ్‌కు అప్పటికే ఊపిరితిత్తుల జబ్బు. ఇక ఎన్నాళ్లుంటారో పిల్లలకు తెలియకపోయినా ఆయనకు తెలుసేమో.

మర్నాడు సెనయాన్ స్టేడియం. ఆ క్రీడల కోసమే కట్టిన కొత్త కట్టడం. దాదాపు లక్షమంది జనం. భారత జాతీయ గీతం మొదలవగానే ఈలలు, అరుపులు. బంతి మనవాళ్ల కాలికి తగిలిన ప్రతిసారీ అదే గోల. ఒక్క మూల మాత్రం కొద్దిమంది గొంతు చించుకుని భారత్ వైపు అరుస్తున్నారు. ఎవరా అని చూస్తే పాకిస్తాన్ హాకీ జట్టు! ముందురోజే హాకీ ఫైనల్లో భారత్‌ను ఓడించి బంగారం పట్టుకెళ్లినవాళ్లు. లాయల్‌పూర్ వదిలి పారిపోయి వచ్చిన కుర్రాడికి, ఊరుకాని ఊళ్లో, లక్షమంది తిట్టిపోస్తున్న వేళ, అండగా నిలిచింది ఆ దేశం పిల్లలే.

గోల్‌కీపర్ పీటర్ తంగరాజ్ జ్వరం నుంచి లేచి వచ్చాడు. కొరియన్ల ఎత్తు బంతులకు అతని పొడవు కావాలని రహీం సాబ్ పట్టుబట్టారు. అరుణ్ ఘోష్ వెనక. చునీ, ప్రదీప్, బలరామ్, హైదరాబాద్ యూసుఫ్ ఖాన్ ముందు. వాళ్ల మధ్యలో తలకట్టుతో జర్నైల్.

కొరియా డిఫెండర్లు కాసేపు తికమకపడి ఉండాలి. తొలి మ్యాచ్‌లో తమను అడ్డుకున్న మనిషి ఇప్పుడు తమ మీదికే వస్తున్నాడు. ఎదుటి డిఫెండర్ ఎప్పుడు కాలు చాపుతాడో, ఎటు మొగ్గుతాడో మరో డిఫెండర్‌కు తెలిసినంతగా ఫార్వర్డ్‌కు తెలియదు. అందరూ జర్నైల్ ధైర్యాన్నే మెచ్చుకున్నారు గానీ, ఆ రోజు పనికొచ్చింది ఈ తెలివి కూడా.

17వ నిమిషంలో ప్రదీప్ కుమార్ గోలు. మూడు నిమిషాలు గడిచాయో లేదో, 20వ నిమిషంలో జర్నైల్ సింగ్ గోలు. 2-0. స్టేడియం గోల కాసేపు తగ్గింది.

మిగిలిన డెబ్బై నిమిషాలే అసలు పరీక్ష. యూసుఫ్ ఖాన్ తలకు దెబ్బ తగిలింది, అయినా ఆటలోనే ఉన్నాడు. త్రిలోక్ సింగ్ గాయపడ్డ కాలితోనే పరిగెత్తాడు. దెబ్బ తగిలినవాడి బదులు ఇంకొకణ్ని దింపే అలవాటు ఆ కాలపు అంతర్జాతీయ ఆటలో లేదు. ఉన్న పదకొండుమందే ఈడ్చుకురావాలి. 85వ నిమిషంలో కొరియా ఒక గోలు దించింది. చివరి ఐదు నిమిషాలు ఎలా గడిచాయో ఆడినవాళ్లను అడగాలి. ఈల మోగింది. 2-1. భారత్‌కు బంగారం.

రహీం సాబ్ అడిగిన కానుక దక్కింది. మరో తొమ్మిది నెలలకు, 1963 జూన్ 11న, ఆయన క్యాన్సర్‌తో హైదరాబాద్‌లో కన్నుమూశారు.

* * *

ఫుట్‌బాల్‌లో అర్జున అవార్డులు ఇవ్వడం 1961లో మొదలైంది. మొదటిది ప్రదీప్ కుమార్ బెనర్జీకి, 1962లో బలరామ్‌కు, 1963లో చునీ గోస్వామికి. ముగ్గురూ ఫార్వర్డ్‌లే. 1964లో జర్నైల్ వంతు వచ్చింది. ఆ ముగ్గురూ ఎవరికీ తీసిపోరు, ఆ వరసను తప్పుపట్టడం లేదు. కానీ ఫైనల్లో గోలు కొట్టి ఉండకపోతే జర్నైల్‌కు ఆ నాలుగో చోటైనా దక్కేదా అన్న అనుమానం నాకుంది.

1965 నుంచి 1967 దాకా భారత జట్టుకు అతనే కెప్టెన్. ఆ రోజుల్లో ఆసియా దేశాల మేటి ఆటగాళ్లతో కూర్చిన ఆల్ స్టార్ జట్టుకూ నాయకత్వం వహించాడు. ఆ గౌరవం అందుకున్న భారతీయుడు మరొకరు లేరు. కలకత్తా రోజులు ముగిశాక పంజాబ్‌కు తిరిగి వెళ్లి ఆ రాష్ట్ర జట్టుతో సంతోష్ ట్రోఫీ గెలిచాడు. తర్వాత కోచ్ అయ్యాడు.

కోచ్‌గా అతని చేతి కింద పంజాబ్ జట్టు 1974లో జలంధర్‌లో ఆడిన సంతోష్ ట్రోఫీ ఫైనల్ ఒకటి చెప్పుకోవాలి. ఎదురుగా బెంగాల్. అతను దశాబ్దంపాటు అన్నం తిన్న నేల. స్కోరు 6-0, పంజాబ్ పక్షాన. ఇందర్ సింగ్ అనే ఫార్వర్డ్ ఆ పోటీలన్నిటా కలిపి 23 గోల్స్ కొట్టాడు. గోలు ఇవ్వకపోవడమే ధర్మంగా బతికిన మనిషి తయారుచేసిన జట్టు, గోల్స్ కొట్టడంలో రికార్డు రాసింది. అందరికీ ఇందర్ సింగ్ అంకె గుర్తుంది. బెంగాల్ పక్కన ఆ సున్నా ఎలా వచ్చిందో పట్టించుకున్నవాళ్లు తక్కువ.

జర్నైల్ సింగ్ 2000 అక్టోబరులో కెనడాలోని వాంకూవర్‌లో చనిపోయాడు. ప్రదీప్ కుమార్, చునీ ఇద్దరూ 2020లో నెలన్నర లోపు తేడాతో వెళ్లిపోయారు. అమ్ముగూడ బలరామ్ 2023లో. రహీం సాబ్ జీవితం మీద 2024లో హిందీలో ‘మైదాన్’ సినిమా వచ్చాక మన కుర్రాళ్లలో కొందరికి జకార్తా సంగతి తెలిసింది. ఆ సినిమాలోనూ మనం ఎదురుచూసేది తలకట్టుతో జర్నైల్ కొట్టే గోలు కోసమే.

మాహిల్‌పూర్‌లో ఇప్పటికీ పిల్లలు బంతి తంతున్నారు. హైదరాబాద్‌లో ఒకప్పుడు ఒలింపిక్ జట్టుకు సగం మందిని పంపిన మైదానాల్లో చాలా వాటి మీద ఇప్పుడు ఇళ్లూ షాపులూ లేచాయి.

జకార్తా తర్వాత ఆసియా క్రీడల ఫుట్‌బాల్‌లో భారత్‌కు మళ్లీ బంగారం రాలేదు. 1970లో బ్యాంకాక్‌లో కాంస్యం వచ్చింది, ఆఖరి పతకం అదే. ఆ కాంస్య జట్టు కెప్టెన్ సయ్యద్ నయీముద్దీన్. హైదరాబాదీ. ఆడేది వెనక వరుసలోనే.